నిమిట్జ్ వైస్ అడ్మిరల్ ఎప్పుడయ్యాడు?

ప్రశ్న: మా హైస్కూల్ పిల్లలతో కలిసి అమెరికా నౌకాదళ అడ్మిరల్స్ మీద చిన్న పుస్తకం తయారు చేస్తున్నాను. నిమిట్జ్, హాల్సీ, స్ప్రూయెన్స్, బర్క్, రికోవర్, గ్రేస్ హాపర్ అని ఆరుగురిని తీసుకున్నాం. ఒక్కొక్కరికి రెండు పేజీలు. సమాచారం బోలెడు దొరుకుతోంది గానీ ఒకదానికొకటి పొసగడం లేదు. 1941 డిసెంబరులో నిమిట్జ్ ఒకచోట రియర్ అడ్మిరల్, ఇంకోచోట అడ్మిరల్. మధ్యలో వైస్ అడ్మిరల్ ఎప్పుడయ్యాడో ఎక్కడా లేదు. ఓడను మట్టిలో దిగేసి కోర్టు మార్షల్ పాలైన మనిషి అంత పైకి ఎలా వెళ్లాడు? స్ప్రూయెన్స్‌కి ఐదో నక్షత్రం ఎందుకు రాలేదు? హాపర్ కమొడోరా, రియర్ అడ్మిరలా? పిల్లలు అడుగుతుంటే చెప్పలేకపోతున్నాను.
– ఒక సోషల్ టీచర్, గాజువాక

జవాబు: నిమిట్జ్ వైస్ అడ్మిరల్ కానే లేదు. మీకు దొరికిన రెండు సమాచారాలూ నిజమే. రియర్ అడ్మిరల్‌కి రెండు నక్షత్రాలు, వైస్ అడ్మిరల్‌కి మూడు, అడ్మిరల్‌కి నాలుగు. ఆయన రెండు నక్షత్రాల నుంచి నేరుగా నాలుగు నక్షత్రాలకు వెళ్లాడు.

ఇది మీకు తేలిగ్గానే అర్థమవుతుంది. ప్రభుత్వ ఉద్యోగంలో ఉన్నారు కాబట్టి సర్వీస్ రిజిస్టర్ ఎలా ఉంటుందో తెలుసు. మనిషికి సొంత హోదా ఒకటి, కూర్చున్న కుర్చీ ఒకటి. స్కూల్ అసిస్టెంట్ ఇన్‌ఛార్జ్ హెడ్మాస్టర్‌గా ఉన్నంతకాలం సంతకం హెడ్మాస్టర్‌దే. ఆ కుర్చీ దిగగానే మళ్లీ స్కూల్ అసిస్టెంటే. 1941 నాటి అమెరికా నౌకాదళంలో పెద్దవాళ్ల కథ దాదాపు ఇదే. శాశ్వత హోదాల నిచ్చెన రియర్ అడ్మిరల్ దగ్గర ఆగిపోయేది. ఆ పైన ఉన్న మూడు, నాలుగు నక్షత్రాలు మనిషివి కావు, పదవివి. పసిఫిక్ ఫ్లీట్ అధిపతి కుర్చీకి నాలుగు నక్షత్రాలు. అందులో కూర్చున్నవాడు అడ్మిరల్.

దీన్ని పిల్లలకు చూపించడానికి నిమిట్జ్ కన్నా ఆయన ముందువాడు హస్బెండ్ కిమ్మెల్ బాగా పనికొస్తాడు. 1941 ఫిబ్రవరి 1న రియర్ అడ్మిరల్ కిమ్మెల్ పసిఫిక్ ఫ్లీట్ పగ్గాలు అందుకుని అడ్మిరల్ అయ్యాడు. డిసెంబరు 7న పెర్ల్ హార్బర్ మీద దాడి జరిగింది. 17న ఆయన్ని తప్పించారు. పదవితోపాటు రెండు నక్షత్రాలూ పోయాయి, మళ్లీ రియర్ అడ్మిరల్. అలాగే రిటైరయ్యాడు. ఆ పధ్నాలుగు రోజులూ ఇన్‌ఛార్జ్‌గా ఉన్నది వైస్ అడ్మిరల్ విలియం పై. డిసెంబరు 31న పెర్ల్ హార్బర్‌లో గ్రేలింగ్ అనే జలాంతర్గామి డెక్ మీద నిమిట్జ్ ఛార్జ్ తీసుకున్నాడు. కాబట్టి మీ పుస్తకంలో “1941 డిసెంబరు 17న ఎంపిక, 31న బాధ్యతల స్వీకారం, ఆ పదవితో అడ్మిరల్ హోదా” అని రాస్తే ఎవరూ వేలు పెట్టలేరు. “డిసెంబరులో ప్రమోషన్ వచ్చింది” అని ముక్తసరిగా రాస్తే మళ్లీ మొదటికే వస్తుంది.

ఒక్కొక్కరికీ ఒక తెల్లకాగితం తీసుకుని నిలువుగా గీతలు కొట్టించండి. తేదీ, హోదా, పదవి, ఓడ లేదా ఊరు, సముద్రమా తీరమా. ఆర్డర్ తేదీ ఒక గడిలో, ఛార్జ్ తీసుకున్న తేదీ పక్క గడిలో. రెండూ కలిపి రాసినచోటే నూటికి తొంభై తప్పులు పుడతాయి. ఖాళీగా మిగిలిన గడిని ఊహతో నింపనివ్వకండి, ఖాళీగానే ఉంచండి. హోదా తేదీల కోసం ఆ నౌకాదళం ఏటా అచ్చువేసిన ఆఫీసర్ల రిజిస్టర్లు స్కాన్ చేసినవి దొరుకుతాయి. జీవిత వివరాలకు వాషింగ్టన్ నేవీ యార్డ్‌లోని నావల్ హిస్టరీ అండ్ హెరిటేజ్ కమాండ్ వాళ్లవి నమ్మదగ్గవి. ఆత్మకథలు మాత్రం తేదీల కోసం చూడొద్దు, అవి వేరే పనికి.

నిమిట్జ్ కాగితం మొదటి వరుసలోనే ఇంకో గుంట ఉంది. అనాపొలిస్ నౌకాదళ అకాడమీ నుంచి 1905 జనవరిలో బయటికొచ్చాడు, 114 మందిలో ఏడోవాడు. అయితే ఆ రోజే ఎన్‌సైన్, అంటే ఆఫీసర్లలో మొదటి మెట్టు, కాలేదు. అప్పటి నిబంధన ప్రకారం శిక్షణలో ఉన్న మిడ్‌షిప్‌మన్‌గానే ఇంకో రెండేళ్లు ఓడల మీద తిరగాలి. ఎన్‌సైన్ అయింది 1907లో. స్ప్రూయెన్స్ది ఇంకో రకం చిక్కు. ఆయన్ని 1907 బ్యాచ్ అంటారు గానీ చదువు ముగిసింది 1906 సెప్టెంబరులో. బ్యాచ్ ఏడాది, పట్టా ఏడాది, కమిషన్ ఏడాది మూడూ వేరువేరని పిల్లలకు ముందే చెప్పి ఉంచండి.

ఇక కోర్టు మార్షల్. 1908 జులై 7న ఫిలిప్పీన్స్‌లోని బటాంగస్ హార్బర్‌లో డికేటర్ అనే డిస్ట్రాయర్ (వేగంగా తిరిగే చిన్న యుద్ధనౌక) బురదలో దిగబడింది. కెప్టెన్ స్థానంలో ఉన్నది ఇరవై మూడేళ్ల ఎన్‌సైన్ నిమిట్జ్. తీరం మీది గుర్తులకు దిక్సూచితో కోణాలు తీసి ఓడ ఎక్కడుందో లెక్కకట్టాల్సింది పోయి అంచనాతో నెట్టుకొచ్చాడు. పోటుపాట్లు కూడా సరిచూసుకోలేదు. మర్నాడు ఒక చిన్న స్టీమర్ వచ్చి లాగితే ఓడ బయటపడింది. ఓడకు పెద్ద దెబ్బ తగల్లేదు, ప్రాణనష్టం లేదు. విచారణలో మొదట పెట్టిన అభియోగాన్ని తగ్గించి, విధి నిర్వహణలో అజాగ్రత్త అని తేల్చి మందలింపుతో వదిలేశారు. ఆ మచ్చ రికార్డులో ఉండగానే 1910 జనవరిలో, మధ్యలో ఉన్న జూనియర్ గ్రేడ్ మెట్టు దాటేసి ఏకంగా లెఫ్టినెంట్ అయ్యాడు. అప్పటి నౌకాదళం త్వరత్వరగా పెరుగుతోంది, ఆఫీసర్లు చాలడం లేదు. కుర్రవాడు, మొదటి తప్పు, ఓడ క్షేమం. ఈ మూడూ కలిసొచ్చాయి. దీన్ని “తప్పు చేసినా పట్టుదలతో పైకొచ్చాడు” అనే నీతికథగా మార్చకండి. 2017లో ఫిట్జ్‌జెరాల్డ్, జాన్ ఎస్. మెకెయిన్ అనే రెండు డిస్ట్రాయర్లు వేరువేరుగా వాణిజ్య నౌకలను ఢీకొని 17 మంది నావికులు చనిపోతే ఆ ఓడల కెప్టెన్లతోపాటు మొత్తం ఏడో ఫ్లీట్ కమాండర్‌నే తప్పించారు. కాలం వేరు, నష్టం వేరు.

ఆ తర్వాత నిమిట్జ్‌ని జలాంతర్గాముల్లోకి పంపారు. ఇక్కడ మీ పిల్లలకు ఒక సౌకర్యం ఉంది. ఆర్కే బీచ్‌లో కుర్సురా జలాంతర్గామి లోపల వంగి వంగి నడిచే ఉంటారు. దాని పొడవు 91 మీటర్లు. 1909లో నిమిట్జ్ చేతికొచ్చిన ప్లంజర్ పొడవు ఇరవై మీటర్లు కూడా లేదు, పైగా పెట్రోలు ఇంజిన్. మూతలు బిగించిన డబ్బాలో పెట్రోలు ఆవిరి ఎంత ప్రమాదమో సైన్స్ టీచర్‌ని పిలిపించి చెప్పించండి. అందుకే ఆయన డీజిల్ వెంట పడ్డాడు. 1913లో జర్మనీ వెళ్లి ఇంజిన్లు చూసొచ్చి, మామీ అనే ఆయిల్ ట్యాంకర్‌లో డీజిల్ ఇంజిన్లు బిగించే పని చూశాడు. ఒకసారి నడుస్తున్న ఇంజిన్ చూపిస్తుండగా గ్లవ్ గేర్లలో చిక్కుకుని ఎడమచేతి ఉంగరపు వేలు కొంత తెగిపోయింది. అకాడమీ ఉంగరం అడ్డుపడబట్టి చెయ్యి దక్కింది. 1917 మే నెలలో అదే మామీ అట్లాంటిక్ మధ్యలో, ఆగకుండా, పక్కపక్కన నడుస్తూ డిస్ట్రాయర్లకు గొట్టాలతో ఆయిల్ ఎక్కించింది. ఆ ఏర్పాటు వెనక ఉన్నవాళ్లలో నిమిట్జ్ ఒకడు. పాతికేళ్ల తర్వాత పసిఫిక్‌లో విమాన వాహక నౌకలు నెలల తరబడి రేవు చూడకుండా తిరగ్గలిగాయంటే మూలం ఆ గొట్టాలే. రెండు పేజీల్లో చోటు తక్కువైతే బాల్యం తగ్గించండి, మామీని మాత్రం తీసేయొద్దు.

1939లో ఆయన బ్యూరో ఆఫ్ నావిగేషన్ అధిపతి. దీన్ని “నౌకాయాన విభాగం” అని అనువదిస్తే తప్పులో కాలేసినట్టే. పేరు నావిగేషన్ గానీ పని సిబ్బంది వ్యవహారాలు. ఎవర్ని ఏ ఓడకు వెయ్యాలి, ఎవరికి ప్రమోషన్ అన్నీ అక్కడే. 1942లో పేరు కూడా మార్చి బ్యూరో ఆఫ్ నావల్ పర్సనల్ అన్నారు. పసిఫిక్‌కి బయల్దేరేనాటికి ఏ ఆఫీసర్ ఎలాంటివాడో నిమిట్జ్‌కి తెలియడం ఈ కుర్చీ పుణ్యమే. “1947లో రిటైరయ్యాడు” అని ఎక్కడైనా ఉంటే అది కూడా కొట్టేయండి. 1947 డిసెంబరు 15న నౌకాదళాధిపతి పదవి నుంచి దిగాడు, అంతే. ఐదు నక్షత్రాల ఫ్లీట్ అడ్మిరల్ కావడంతో 1966లో చనిపోయేదాకా యాక్టివ్ జాబితాలోనే ఉన్నాడు. మన పాఠకులకు ఆసక్తి కలిగించే ముక్క ఇంకొకటి ఉంది. 1949లో ఐక్యరాజ్యసమితి కశ్మీర్ ప్లెబిసైట్ (ప్రజాభిప్రాయ సేకరణ) నిర్వహణాధికారిగా ఎంపిక చేసింది ఈయన్నే. ఆ ప్లెబిసైట్ జరగనే లేదు.

హాల్సీ, స్ప్రూయెన్స్ పేజీలు ఎదురెదురుగా పెట్టండి. విడదీస్తే ఇద్దరూ అర్థం కారు.

హాల్సీ 1904 బ్యాచ్, డిస్ట్రాయర్ల మనిషి. అయినా 1935 మే 15న, యాభై రెండేళ్ల వయసులో పైలట్ అయినవాళ్లకిచ్చే రెక్కల బ్యాడ్జి పెట్టుకున్నాడు. సరదాకి కాదు. విమాన వాహక నౌకకు కెప్టెన్ కావాలంటే పైలటో, కనీసం విమాన పరిశీలకుడో అయి ఉండాలని 1926లో చట్టం వచ్చింది. పరిశీలకుడి కోర్సు చేస్తే సరిపోయేది, ఆయన మాత్రం పైలట్ కోర్సే చేశాడు. వెంటనే సారటోగా ఓడ చేతికొచ్చింది. ఆయన కన్నా సీనియర్ ఎర్నెస్ట్ కింగ్ ఇదే దారిలో 1927లో, నలభై ఎనిమిదేళ్లకు రెక్కలు తెచ్చుకున్నాడు.

స్ప్రూయెన్స్‌కి రెక్కలు లేవు. ఆయన క్రూయిజర్ల డివిజన్ చూసుకునేవాడు. మిడ్‌వే యుద్ధానికి ముందు హాల్సీ ఒళ్లంతా దద్దుర్లతో ఆసుపత్రిలో చేరాల్సొచ్చి, తన బదులు స్ప్రూయెన్స్‌ని పంపమన్నాడు. 1942 జూన్‌లో అలా ఎంటర్‌ప్రైజ్, హార్నెట్ వాహక నౌకలు ఒక క్రూయిజర్ అధికారి చేతికొచ్చాయి. “మిడ్‌వే విజేత స్ప్రూయెన్స్” అని ఒక్కమాటలో తేల్చేయకండి. అక్కడ సీనియర్ ఫ్రాంక్ జాక్ ఫ్లెచర్. తన యార్క్‌టౌన్ దెబ్బతిన్నాకే పగ్గాలు స్ప్రూయెన్స్‌కి వదిలాడు.

1944 నుంచి ఇద్దరివీ ఓడలు ఒకటే. హాల్సీ వస్తే దాని పేరు థర్డ్ ఫ్లీట్, స్ప్రూయెన్స్ వస్తే అదే ఫిఫ్త్ ఫ్లీట్. వాహక నౌకల దళం టాస్క్ ఫోర్స్ 38 కాస్తా 58 అవుతుంది. ఒక బృందం సముద్రం మీద యుద్ధం చేస్తుంటే రెండోది పెర్ల్ హార్బర్‌లో తర్వాతి దాడికి ప్లాన్ గీస్తుంది. జపాన్ వాళ్లే రెండు ఫ్లీట్లు ఉన్నాయని తికమకపడ్డారు. పిల్లలు మ్యాప్ మీద రెండు రంగుల బాణాలు గీసే ప్రమాదం ఉంది, చూసుకోండి.

1944 డిసెంబరు 18న ఫిలిప్పీన్స్ తూర్పున హాల్సీ ఫ్లీట్ తుపానులో చిక్కుకుంది. హల్, స్పెన్స్, మోనహాన్ అనే మూడు డిస్ట్రాయర్లు మునిగిపోయాయి, దాదాపు 790 మంది చనిపోయారు. కారణం గాలి ఒక్కటే కాదు. డిస్ట్రాయర్లలో ఆయిల్ అడుగంటింది. సముద్రం అల్లకల్లోలంగా ఉండి నింపుకోవడం కుదరలేదు. ఆయిల్ తగ్గినప్పుడు ఖాళీ ట్యాంకుల్లోకి ఉప్పునీళ్లు ఎక్కించి అడుగు బరువు పెంచాలి. లేకపోతే ఓడ పైబరువుతో తూలుతుంది. కాసేపట్లో ఆయిల్ దొరుకుతుందన్న ఆశతో స్పెన్స్ ఆ నీళ్లు సమయానికి ఎక్కించుకోలేదు. మళ్లీ ఆ నీళ్లు తోడి పారేయాలంటే గంటలు పడుతుంది మరి. మన కోస్తావాళ్లకు తుపాను ఎటు మళ్లుతుందోనన్న ఆ బెంగ వేరే చెప్పక్కర్లేదు. విచారణ సంఘం హాల్సీ అంచనా తప్పిందని తేల్చింది, శిక్ష వెయ్యలేదు. 1945 ఫిబ్రవరిలో ఆ నష్టం మీద ఫ్లీట్ మొత్తానికి పాఠాలు చెబుతూ సుదీర్ఘమైన ఉత్తరం రాసింది నిమిట్జ్. మామీ మీద ఆయిల్ గొట్టాలు పరిచినవాడే, ఆయిల్ అందక మునిగిన ఓడల గురించి రాశాడు. ఈ రెండూ పిల్లలే కలిపి చూసుకునేలా చెయ్యండి.

ఐదో నక్షత్రం సంగతి. 1944 డిసెంబరు 14 నాటి చట్టం నౌకాదళానికి నాలుగే నాలుగు ఫ్లీట్ అడ్మిరల్ స్థానాలు ఇచ్చింది. అధ్యక్షుడి చీఫ్ ఆఫ్ స్టాఫ్ విలియం లేహీకి డిసెంబరు 15న, కింగ్‌కి 17న, నిమిట్జ్‌కి 19న వచ్చాయి. మధ్య తేదీల్లో సైన్యం జనరళ్లకు వంతులవారీగా ఇచ్చారు, సీనియారిటీ గొడవ రాకుండా. నాలుగోది ఏడాదిపాటు ఖాళీగా ఉండి 1945 డిసెంబరు 11న హాల్సీకి దక్కింది. హాల్సీ పత్రికలకు, జనానికి ఇష్టుడు. స్ప్రూయెన్స్ విలేకర్లు కనబడితే మొహం చాటేసేవాడు. కాంగ్రెస్‌లో నౌకాదళ వ్యవహారాల్లో చక్రం తిప్పే కార్ల్ విన్సన్ హాల్సీ పక్షాన ఉన్నాడు. పనితనం కొలబద్ద అయితే ఆ నక్షత్రం స్ప్రూయెన్స్‌దేనని నౌకాదళ చరిత్ర చదివినవాళ్లలో చాలామంది అంటారు, మేమూ అదే అంటాం. నక్షత్రం ఇవ్వలేక, బతికున్నన్నాళ్లూ పూర్తి జీతం అందేలా కాంగ్రెస్ వేరే చట్టం చేసింది.

బర్క్‌ గురించి రెండే మాటలు. “31 నాట్ల బర్క్” అనే పేరు వేగానికి పొగడ్త అని రాయకండి, అది ఎగతాళిగా మొదలైంది. 1943 నవంబరులో బాయిలర్ చిక్కువల్ల ఆయన స్క్వాడ్రన్ 30 నాట్లు మించి పోలేకపోయేది. అలాంటిది “31 నాట్లతో వస్తున్నాం” అని కబురు పెట్టేసరికి పైవాళ్లు ఆ పేరు అంటించారు. 31 నాట్లంటే గంటకు దాదాపు 57 కిలోమీటర్లు. రెండోది, 1955లో రియర్ అడ్మిరల్ బర్క్ తొంభై మందికి పైగా సీనియర్లను దాటి నౌకాదళాధిపతి అయ్యాడు. వరసగా మూడు విడతలు, ఆరేళ్లు ఉన్నాడు.

రికోవర్ దగ్గర మీరు “పెద్ద ఓడ ఏదీ నడపలేదు” అని లోటుగా రాసి ఉంటే దిద్దుకోండి. 1937లో ఫించ్ అనే మైన్‌స్వీపర్‌ని (సముద్రంలో మందుపాతరలు ఏరే ఓడ) కొన్నాళ్లు చూసి, అదే ఏడాది ఇంజనీరింగ్ డ్యూటీ ఆఫీసర్ వర్గంలోకి మారాడు. ఆ వర్గంవాళ్లకు ఓడల కమాండ్ ఉండదు, ఓడ లోపలి యంత్రాలే వాళ్ల లోకం. అసలు కథ ప్రమోషన్‌ది. కెప్టెన్‌ నుంచి రియర్ అడ్మిరల్‌కు పంపాలో వద్దో అడ్మిరల్స్ బోర్డు తేలుస్తుంది. 1951లో కాదన్నారు, 1952లోనూ కాదన్నారు. రెండుసార్లు తప్పితే ఇంటికే. అణు జలాంతర్గామి నాటిలస్ ఇంకా తయారవుతుండగానే దాన్ని కడుతున్నవాడు 1953లో రిటైర్ కావాల్సిన పరిస్థితి. సెనేట్ కమిటీ మిగతా కెప్టెన్ల ప్రమోషన్ జాబితా మొత్తాన్ని ఆపి కూర్చుంది. దాంతో తర్వాతి బోర్డుకు, అణు చోదకశక్తి తెలిసిన ఇంజనీరింగ్ కెప్టెన్‌ ఒకర్ని ఎంపిక చెయ్యాలని షరతు పెట్టారు. అలాంటివాడు ఎవరో అందరికీ తెలుసు. 1955 జనవరి 17న నాటిలస్ అణుశక్తితో కదిలింది. రికోవర్ 1982లో, అరవై మూడేళ్ల సర్వీసు తర్వాత దిగాడు.

హాపర్ కమొడోరూ నిజమే, రియర్ అడ్మిరలూ నిజమే. 1983లో ఇచ్చిన హోదా కమొడోర్, ఒక నక్షత్రం. 1985లో ఆ హోదా పేరునే రియర్ అడ్మిరల్, లోయర్ హాఫ్ అని మార్చారు. అంటే ప్రమోషన్ లేకుండా పిలుపు మారింది. మీ ఊళ్లో తూర్పు నౌకాదళంలో కమొడోర్ అంటే ఇప్పటికీ అసలైన హోదా. అమెరికాలో మాత్రం ఇప్పుడది, కొన్ని ఓడలను కలిపి చూసే కెప్టెన్‌ని పిలిచే మర్యాదపేరు మాత్రమే. ఈమె పేజీలో సర్వీసు ఒకే గీతగా గీయొద్దు. 1943లో రిజర్వ్‌లో చేరింది, 1966లో కమాండర్‌గా రిటైరైంది, మరుసటి ఏడే మళ్లీ పిలిచారు, చివరికి 1986లో డెబ్భై తొమ్మిదేళ్లకు దిగింది. కోబాల్ అనే కంప్యూటర్ భాషను ఆమె ఒక్కతే రాసిందని కూడా వెయ్యకండి. 1959లో ఒక కమిటీ దాన్ని రూపొందించింది, దానికి పునాది ఆమె అంతకుముందు చేసిన ఫ్లో-మ్యాటిక్ అనే భాష. మీ పిల్లల బాబాయిలో మావయ్యలో వైటూకే రోజుల్లో ఆ కోబాల్ పట్టుకునే అమెరికా విమానం ఎక్కి ఉంటారు, అడిగి చూడమనండి.

ఫోటోల కింద పేర్లు రాసేటప్పుడు నల్లకోటు చేతుల మీద బంగారు పట్టీలు లెక్కపెట్టించండి. ఒక వెడల్పు పట్టీ ఒక్కటే ఉంటే కమొడోర్ లేదా ఇప్పటి లోయర్ హాఫ్. దాని మీద సన్నపట్టీ ఒకటి ఉంటే రియర్ అడ్మిరల్, రెండైతే వైస్ అడ్మిరల్, మూడైతే అడ్మిరల్, నాలుగైతే ఫ్లీట్ అడ్మిరల్. యుద్ధకాలపు ఫోటోల్లో చాలావరకు ఖాకీ చొక్కాలే, అక్కడ కాలర్ మీది నక్షత్రాలు చూడాలి. కిమ్మెల్ నాలుగు నక్షత్రాలతో కనిపిస్తే అది 1941 ఫిబ్రవరి, డిసెంబరు నెలల మధ్య తీసిందే. అమెరికా నౌకాదళం ఉద్యోగులు డ్యూటీలో తీసిన ఫోటోలకు అక్కడ కాపీరైట్ లేదు కాబట్టి అచ్చు వేసుకోవచ్చు. పత్రికలవాళ్లు తీసినవి మాత్రం పక్కన పెట్టండి.